కచే చదివిన ఇసుక

పోయిన వారం బడి మాస్టారు గొంతు పట్టే పెట్టె ఒకటి పట్టుకొచ్చి నా ముందు పెట్టాడు. "తాతా, కచే గురించి చెప్పు. వాడితో పెరిగినవాళ్ళలో నువ్వొక్కడివే మిగిలావు" అన్నాడు. నాకు ఒళ్ళు మండింది. నేను బతికుండి, నా గురించి చెప్పమని అడగడే! చచ్చిపోయి రెండు వానాకాలాలు దాటినవాడి గురించి చెప్పాలట.

చెప్పాను. మాస్టారికి చెప్పిందే మీకూ చెప్తాను. కాకపోతే నేను తీయగా మాట్లాడతానని మాత్రం ఆశ పెట్టుకోకండి. నాకు వాడంటే కుళ్ళు. ఏడేళ్ళప్పుడు పుట్టింది. నా పళ్ళన్నీ ఊడిపోయాయి కానీ అది మాత్రం ఊడలేదు.

కచే అనగానే అందరూ ఒకటే మాట. "ఆహా, ఇసుక చదివేవాడు!" ఎందుకు చదవడు? ఈ ఇసుక నేలలో వేటాడి బతికే మాలో చదవనివాడెవడు? పాకే పిల్లకి కూడా వాళ్ళమ్మ అడుగు ఏదో తెలుసు. మీరు మనిషిని మొహం చూసి పోల్చుకుంటారే, మేము అడుగు చూసి పోల్చుకుంటాం. నిన్నటి దుప్పి అడుగు చూపిస్తే అది ఆడదో మగదో, చూలుతో ఉందో లేదో నేను నడుస్తూనే చెప్పేస్తాను. ఇక బాణమంటారా, చుట్టుపక్కల నాలుగు ఊళ్ళలో నా గురికి సాటి లేదు. ఈ మాట నేను అనకూడదు. మాలో సొంత డప్పు కొట్టుకుంటే మొహాన ఉమ్మేస్తారు. అయినా అన్నాను, ఏం చేస్తారు?

మరి వాడు? పొట్టివాడు. చిన్నప్పుడు ముల్లు దిగి కుడికాలి చిటికెన వేలు బయటికి వంకర తిరిగిపోయింది. పరిగెత్తలేడు. బాణం వేస్తే చెట్టుకి తగిలేది, పోనీ అదైనా వాడు గురి చూసిన చెట్టు కాదు. పాము కనపడితే కెవ్వుమని నా వీపెక్కేవాడు. పొగాకు ఎవరి చేతిలో ఉన్నా అది వాడిదే. పాట అందుకున్నాడంటే కుక్కలు కూడా లేచి అవతలికి పోయేవి. ఇన్ని అవలక్షణాలున్నవాడికి అంత పేరేంటండీ!

పైగా మా మేనత్త కొడుకు. నాకు బావ. మాలో బావా బావా ఎంత మాటైనా అనుకోవచ్చు, ఒకళ్ళనొకళ్ళు పడాలి. కాబట్టి వాడిని జన్మంతా తిట్టే హక్కు నాకుంది. కానీ తిట్టి ఏం లాభం? అది తర్వాత చెప్తాను.

ఏడేళ్ళప్పుడు మా తాత ఒకరోజు పొద్దున్నే మమ్మల్నిద్దర్నీ ఊరి బయటికి తీసుకెళ్ళి ఇసుకలో ఒక గుర్తు చూపించాడు. "ఏంట్రా ఇది?"

నేను టక్కున చెప్పాను. "చిరుత!"

తాత కచే వైపు చూశాడు. వాడు కూర్చుని, ముక్కు ఇసుకకి తగిలేదాకా వంగి చూశాడు. "చిరుతైతే నడిచేటప్పుడు గోళ్ళు లోపలికి ముడుచుకుంటుంది కదా తాతా. అప్పుడు గోళ్ళ గుర్తులు పడకూడదు. ఇక్కడ పడ్డాయి."

"అయితే?"

"అయితే చిరుత కాదు. దుమ్ములగొండి."

ఆ రోజు తాత కాల్చిన తాబేలులో కాలేయం ముక్క తీసి వాడి నోట్లో పెట్టాడు. ఆ ముక్క రుచి ఎలా ఉంటుందో ఇప్పటికీ నా నాలుక వెతుక్కుంటోంది, తిన్నవాడు మాత్రం ఆ మర్నాటికే మరిచిపోయుంటాడు.

వాడి పద్ధతంతా అంతే, చచ్చేదాకా. "అదైతే ఇది ఉండాలి. ఇది ఉందా?" ఉంటే ముందుకు. లేకపోతే మొదటికి. మేమందరం ఇసుక చూసి ఒక మాట అనేసి నడిచిపోయేవాళ్ళం. వాడు ఆ మాటని నిప్పుల్లోంచి తీసిన దుంపని తిప్పినట్టు అటూ ఇటూ తిప్పి, ఉడికిందో లేదో చూసేవాడు. మీకు కథలా ఉంటుంది. పక్కన నిలబడి ఎండలో మాడేవాడికి కదా తెలిసేది!

పెళ్ళీడు వచ్చాక నేను హ్వానాని చేసుకుని వాళ్ళ ఊరు వెళ్ళాను. కొత్తల్లుడు కొన్నేళ్ళు అత్తగారి ఊళ్ళోనే ఉండి వేటాడి పెట్టాలి కదా. అమ్మయ్య, వీడి పీడ వదిలిందనుకున్నాను. ఆర్నెల్లు తిరక్కుండా వాడూ అదే ఊళ్ళో డిషావ్‌ని చేసుకుని మా మంట పక్కనే మంట వేసుకున్నాడు. నా ఖర్మ!

ఆ ఏడే మెలికల కొమ్ముల దుప్పిని కొట్టాను. మగదుప్పులు అయిదు ఒక మందగా మేస్తున్నాయి. వాటిలో ఒకదాని డొక్కలో దిగింది నా బాణం. బాణానికి పూసిన విషం పూర్తిగా ఎక్కడానికి ఒక రోజు పడుతుంది కాబట్టి ఇంటికొచ్చి, మర్నాడు నలుగురం జాడ పట్టుకుని వెళ్ళాం. ఒకచోట జాడ చీలింది. నాలుగు ఒకవైపు, ఒకటి ఒంటరిగా ఇంకోవైపు. దెబ్బ తిన్నది మందని వదిలేస్తుంది, ఇది ఎవడైనా చెప్తాడు. నేను ఒంటరిదాని వెంట పడ్డాను. కచే కదల్లేదు.

"బావా, ఇలా రా. ఈ ఒంటరిది దారిలో ఈ పొద ఆకు కొరికింది. ఇంకొంచెం ముందుకి పోయి ఆ పొద కూడా కొరికింది."

"కొరికితే?"

"కడుపులో విషం పాకుతున్న జంతువు మేస్తుందా?"

"మేయదు."

"అయితే?"

"అయితే నోరు ముయ్యి!" అన్నాను. కానీ ఏమాటకామాటే చెప్పుకోవాలి, కాళ్ళు మాత్రం మంద వైపే తిరిగాయి. ఆ నాలుగింటిలో చివరిది అడుగు అడుగుకీ ఆగుతూ నడిచింది. సాయంత్రానికి పొదలో పడి ఉంది, నా బాణంతో సహా.

మాలో ఎవరి బాణం దిగితే మాంసం వాళ్ళది, పంచేది వాళ్ళే. అంటే నేనే. ఇక్కడ మా ఊళ్ళ పద్ధతి ఒకటి చెప్పాలి. వేట తెచ్చినవాడిని మేం పొగడం. పొగిడితే కళ్ళు నెత్తికెక్కి, రేపు మనుషుల్ని కూడా దుప్పుల్లా చూస్తాడు. అందుకని ఎంత కొవ్విన జంతువుని తెచ్చినా "ఈ ఎముకల మూటకోసమా మమ్మల్ని ఇంత దూరం నడిపించావు!" అని తిట్టాలి. తెచ్చినవాడు కూడా "అవును, ఎందుకూ పనికిరాదు" అనాలి. ఎంత తిడితే అంత గౌరవమన్నమాట.

ఆ సాయంత్రం అందరూ నా దుప్పిని తిట్టారు. బాగానే ఉంది. కానీ ప్రతివాడూ తిట్టి తిట్టి చివరికి కచే దగ్గరికి వెళ్ళి కూర్చుంటున్నాడు. "ఆకు కొరికిందట కదా, అది చెప్పు" అని. నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. లేచి నిలబడి, "వీడా? వీడు గుడ్డివాడు! పొద్దున్నుంచి దారి తప్పించాడు. కళ్ళు మూసుకుని వేలు పెడితే తగిలిందంతే. వీడంత దద్దమ్మని నేను చూళ్ళేదు!" అని అరిచాను. మనసులో ఉన్నదంతా కక్కేశాను.

ఊరు ఊరంతా పొట్ట పట్టుకుని నవ్వింది. ఒక ముసలాయన కచే వీపు మీద చరిచి, "అబ్బో, ఓమా నిన్ను ఎంత మెచ్చుకుంటున్నాడ్రా!" అన్నాడు.

ఇప్పుడర్థమైందా నా బాధ? తిడితే పొగడ్త అయిపోతుంది. పొగడడానికి నోరు రాదు. ఏడవడానికి కూడా చోటు లేకుండా చేశారు నాకు.

ఇక అసలు సంగతికి వస్తాను. నాకు పెళ్ళయిన మూడో ఏడు, ఎండలు ముదిరిన నెల. నేను ఉచ్చులు చూసుకుని ఉత్త చేతులతో తిరిగొస్తున్నాను. గట్టి పెంకు కాయలు కాసే మొంగొంగో చెట్ల తోపుకి పోయే దారి అడ్డం వచ్చింది. దారిలో హ్వానా అడుగులు. కాయలకి వెళ్ళిందనుకున్నాను. రెండడుగులు వేసి ఆగిపోయాను. ఆమె అడుగుల పక్కనే ఇంకొకరి అడుగులు. కుడికాలి చిటికెన వేలు బయటికి వంకర.

మీరైతే వాళ్ళూ వీళ్ళూ చెప్పాలి, చాటుగా చూడాలి. మాకు ఇసుకే చెప్పేస్తుంది. ఆ అడుగుల వెంట తోపుదాకా పోయాను. ఒక చెట్టు కింద కాయలు కొట్టే రాయి. రాయి పక్కన ఇద్దరు కూర్చున్న గుర్తులు. ఇద్దరు కొట్టిన పెంకులు. చాలదూ? చెయ్యి దానంతటదే అమ్ములపొది మీదికి పోయింది. అబద్ధమెందుకు, ఆ క్షణంలో వాడు కనపడి ఉంటే ఇవాళ నేను ఇక్కడ కూర్చుని మాట్లాడేవాడిని కాదు.

ఊళ్ళోకి వచ్చాను. హ్వానా మంట దగ్గర కాయలు కాలుస్తోంది. అవతల మంట దగ్గర వాడు కాళ్ళు చాపుకుని పొగ పీలుస్తున్నాడు.

"చెప్పవే! ఎన్నాళ్ళ నుంచి?" అని అరిచాను.

"ఏంటయ్యా?"

"నువ్వూ, ఆ వంకర వేలి వెధవా!"

అంతే, అందరూ లేచారు. వాడి పెళ్ళాం డిషావ్ వచ్చి నా భుజం మీది పొది లాక్కుని పొదల్లోకి పరిగెత్తింది. గొడవ మొదలైతే ముందు బాణాలు దాచాలి, తర్వాతే ఎవరు ఎవర్నేమన్నారో వినాలి. అది మా దగ్గర ఆడవాళ్ళు చూసుకునే పని.

మా అత్త ఉంగుకా అక్కడే ఉంది. అల్లుడితో నేరుగా మాట్లాడదు, అది మర్యాద. ఆమెకి నాతో ఏం చెప్పాలన్నా కుక్కతో చెప్తుంది. "విన్నావటే కుక్కా, నా కూతురికి ఎంత పేరు తెచ్చాడో!"

కచే పొగ గొట్టం పక్కన పెట్టాడు. "అడుగులు నావే బావా. తోపులో కూర్చున్నదీ నేనే."

"చూశారా, ఒప్పుకున్నాడు!"

"ఎప్పుడు కూర్చున్నానో కూడా చెప్పు మరి."

"నువ్వే చెప్పరా!"

"నేను చెప్తే ఎవరు నమ్ముతారు? నింద పడ్డవాడిని. నువ్వు చదువు, అందరూ వింటారు. ఇంకా వెలుగుంది, పదండి. దారి తొక్కకుండా పక్కన నడవండి."

ఊరంతా బయల్దేరింది. ముసలీ ముతకా, చంక పిల్లలతో సహా. దారిలో అడుగుల దగ్గర వాడు నన్ను కూర్చోబెట్టాడు, చిన్నప్పుడు తాత కూర్చోబెట్టినట్టు.

"ఇది ఎవరిది?"

"నీది."

"దాని మీద సన్నగా కుట్టు కుట్టినట్టు ఏదో పోయిందే, ఏంటది?"

"పురుగు దారి."

"పగటి పురుగా, రాత్రి పురుగా?"

"రాత్రి పురుగు" అన్నాను.

"నా అడుగు మీదుగా పోయింది. మరి హ్వానా అడుగు చూడు. పురుగు దారి ఆమె అడుగు మీదుందా, కిందుందా?"

కిందుంది. ఆమె మడమ పడి ఆ కుట్టు తెగిపోయింది. నేను మధ్యాహ్నం కూడా చూశాను దాన్ని. ఒట్టు, చూశాను! కళ్ళు చూశాయి, కుళ్ళు దాటేసింది.

"అయితే?" అన్నాడు కచే.

నేను తల దించుకుని ఆ మడమ గుర్తుని ఇంకోసారి చూశాను.

"అయితే, చెప్పు బావా. అందరూ నించున్నారు."

"నువ్వు నిన్న నడిచావు. రాత్రి పురుగు పోయింది. ఆమె ఇవాళ నడిచింది" అన్నాను. నా గొంతు నాకే వినపడలేదు కానీ ఊరంతటికీ వినపడింది. ఒకటే నవ్వులు. నాకు తల కొట్టేసినట్టయింది.

సిగ్గున్నవాడైతే అక్కడితో ఊరుకుంటాడు. నేను ఊరుకోలేదు. "సరే, మరి వాడి అడుగుల వెంటే ఎందుకు పోయావు?" అని హ్వానాని అడిగాను.

హ్వానా ముందుకొచ్చి నిలబడింది. అప్పుడు అంది. "నిన్న కచే సంచి నిండా కాయలు తెచ్చాడు. ఆ కాయలు ఎక్కడున్నాయో వాడి అడుగులే చెప్తాయి. పోయి తెచ్చుకున్నాను. నీ అడుగుల వెంట పోతే ఏముంటుంది? ఉత్త ఉచ్చులు."

పుండు మీద కారం చల్లడమంటే అదే. ఒక అనుమానం తీరింది, దాని చోట్లో పాత మంట రెండింతలైంది. మా అత్త కుక్క చెవి నిమురుతూ, "ఇంటికి పోదాం పదవే, ఇక్కడ కంపు కొడుతోంది" అంది.

మర్నాడు తెల్లారి లేచేసరికి హ్వానా లేదు. దుంపలు తవ్వే కర్ర లేదు, కప్పుకునే తోలు లేదు. అడుగులు ఉత్తరాన ఇసుకదిబ్బ వైపు పోయాయి. ఆ దిక్కున ఒక పగలు నడిస్తే వాళ్ళక్క ఊరు. నేను దిబ్బ మొదలుదాకా వెళ్ళి, చూసి, వెనక్కొచ్చేశాను. పోనీ, కోపం తగ్గాక తనే వస్తుంది, నేనెందుకు పోవాలి అనుకున్నాను. మగతనం కదా! ఆ పగలంతా మంట దగ్గర కూర్చుని బాణాలు సానపెట్టుకున్నాను. తర్వాతి రోజూ అంతే. ఆమె రాలేదు. మాలో ఆడది ఇంకో మంట దగ్గర కుదురుకుందంటే ఆ పెళ్ళి అయిపోయినట్టే, దానికి వేరే తంతు ఏమీ ఉండదు. నాకది తెలుసు. నాకు హ్వానా కావాలి. కానీ కాలు కదలదు.

నాలుగో రోజు పొద్దున్నే కచే వచ్చి నా పక్కన కూర్చున్నాడు. అడక్కుండానే నా పొగాకు తీసుకున్నాడు.

"ఆమె అడుగులు చదివావా?"

"చదవడానికేముంది? పోయింది."

"దిబ్బ ఎక్కేటప్పుడు అడుగులు ఎలా ఉన్నాయి?"

"ఎలా ఉంటాయి? కోపంగా."

"కోపంగా పోయేదైతే నేరుగా ఎక్కాలి. మూడుచోట్ల ఆగి వెనక్కి తిరిగింది. అయితే కోపం ఒక్కటే కాదు. దిబ్బ దాటి చూశావా?"

నాకు ఎక్కడలేని రోషం వచ్చింది. "నా పెళ్ళాం అడుగులు నువ్వెందుకు చదివావురా?"

"నాతో ముడిపెట్టి ఆమెని తిట్టావు కదా, అందుకు" అని లేచాడు. "దాటి చూడు బావా. నేను చెప్పను." పొగాకు మాత్రం పట్టుకుపోయాడు.

వాడు చెప్తే వెళ్ళకూడదనే అనుకున్నాను. అయిదు నిమిషాలు కూడా కూర్చోలేకపోయాను.

దిబ్బ అవతల ఒంటరిగా ఒక ముళ్ళచెట్టు ఉంది. దాని చుట్టూ మూడు చోట్ల హ్వానా కూర్చున్న గుర్తులు. ఒకటి చెట్టుకి పడమటి వైపు. పడమటి వైపు నీడ పడేది పొద్దున. ఇంకోటి మొదలుకి ఆనుకుని, అంటే నడినెత్తిన ఎండ. మూడోది తూర్పు వైపు, అంటే పొద్దు వాలేవేళ. నీడ జరిగిన కొద్దీ ఆమె జరిగిందన్నమాట. మూడుచోట్లా దాహానికి నమిలి ఊసిన నీళ్ళదుంప పిప్పి. మూడుచోట్లా కాళ్ళు చాపిన గుర్తు మా ఊరి వైపే.

నాకు ఎవరూ "అయితే?" అని అడగక్కర్లేకపోయింది. పొద్దున్నుంచి సాయంత్రందాకా ఆమె నా కోసం చూసింది. వస్తానేమోనని. ఆమె అక్కడ నీడ వెంట జరుగుతున్నంతసేపూ నేను కూతవేటు దూరంలో బాణాలు సానపెట్టుకుంటున్నాను. తర్వాత లేచి, పెద్ద పెద్ద అంగలేసుకుంటూ ఉత్తరానికి పోయింది. ఆ అడుగులు ఒక్కసారి కూడా వెనక్కి తిరగలేదు. నేను అక్కడ కూలబడి ఏడ్చాను, చెప్పుకోవడానికి సిగ్గేముంది.

ఏడుపు ఆగాక ఇంకొకటి కనపడింది. చెట్టుకి పదడుగుల దూరంలో వాడి అడుగులు. వంకర వేలు. వచ్చి, నిలబడి, చెట్టు చుట్టూ దూరం నుంచే తిరిగి, ఊరికి వెళ్ళిపోయాడు. రెండు రోజుల నాటివి. నా పెళ్ళాం నా కోసం కూర్చున్న చోటు నాకంటే ముందు వాడు చదివాడు! అక్కడ ఆమె ఎంతసేపుందో, ఏం నమిలిందో, ఎటు చూసిందో, అన్నీ వాడికి తెలుసు. ఏడుపు పోయి మళ్ళీ మంట మొదలైంది. ఒక కొమ్మ విరిచి, వాడి అడుగులన్నీ ఊడ్చేశాను. ఒక్కటి కూడా మిగల్చలేదు. హ్వానా గుర్తుల జోలికి పోలేదు. కొమ్మ విసిరేసి, ఉత్తరానికి పరుగు అందుకున్నాను.

పొద్దుగూకే వేళకి వాళ్ళక్క ఊరు చేరాను. హ్వానా కాయలు కొడుతోంది. తలెత్తలేదు.

"ఎందుకొచ్చావు?"

"చెట్టు చూశాను. పగలంతా కూర్చున్నావు."

చేతిలో రాయి ఆగింది. "ఎవరు చెప్పారు?"

కచే అని నోటిదాకా వచ్చింది. ఆ పేరు ఆమె ముందు ఇంకోసారి గెలవడం నేను భరించలేకపోయాను. "ఎవరు చెప్పాలి? నేనే వెళ్ళాను. నేనే చదివాను."

"నువ్వే?"

"నేనే."

దుమ్ము కొట్టుకుపోయిన నా కాళ్ళ వైపు చూసింది. తర్వాత పక్కకి జరిగి, "కూర్చో. కాయలు తిను" అంది.

మర్నాడు నాతో వచ్చేసింది. ఆ చెట్టు దగ్గర ఆగి ఇసుక వైపు చూసింది. ఏమీ అనకుండా నడిచింది. బతికిపోయాననుకున్నాను.

నలభై ఏళ్ళు గడిచాయి. ముగ్గురు పిల్లలు, తొమ్మిదిమంది మనవలు. కచే ఎవరికీ ఆ సంగతి చెప్పలేదు. రోజూ నా పొగాకు కాల్చాడు, రోజూ నేను తిట్టాను, రోజూ ఊరు నవ్వింది. ఆఖరి రోజుల్లో వాడికి చూపు పోతే నేనే చెయ్యి పట్టుకుని ఇసుకలోకి తీసుకెళ్ళేవాడిని. అడుగు ఎలా ఉందో నేను చెప్పేవాడిని, అది ఏంటో వాడు చెప్పేవాడు. కళ్ళు పోయినా నాకంటే బాగా చదివేవాడు, పాపిష్టివాడు! పోయే ముందు రోజు చెవిలో అడిగాను, "హ్వానాకి ఎప్పుడైనా చెప్పావా?" అని. "ఏమని?" అన్నాడు. వాడికి గుర్తు కూడా లేదు. లేదా ఉండి కూడా అలా అన్నాడు.

ఇదంతా మాస్టారి పెట్టెకి చెప్పాను. అబద్ధమాడిన సంగతీ, ఊడ్చిన సంగతీ కూడా. హ్వానా పక్కనే నిప్పుకోడి గుడ్డు పెంకుల పూసలు గుచ్చుతోంది కానీ, ఆమెకి ఇప్పుడు చెవులు సరిగ్గా వినపడవు కదా అని ధైర్యం.

చెప్పడం అయిపోయింది. మాస్టారు పెట్టె కట్టేశాడు. అప్పుడు హ్వానా తల తిప్పకుండానే, "ఊడ్చావని నాకు ఆ రోజే తెలుసులే" అంది.

"ఏంటీ!"

"అడవిలో ఇసుక ఎవరు ఊడుస్తారయ్యా? గాలైతే నా గుర్తులు కూడా పోవాలి. అవి ఎక్కడివక్కడే ఉన్నాయి. ఊడ్చిన చోట్లోంచి బయటికొచ్చిన అడుగులు నీవి. జంతువు జాడైతే నువ్వు చెరపవు. ఇంకే మనిషిదైనా చెరపవు. ఈ భూమ్మీద నువ్వు చెరపాలనుకునే అడుగులు ఎవరివో నాకు తెలీదా? అయితే వాడే ముందు చూసి నీకు చెప్పాడు."

ఇంతకాలం నాకంటే బాగా చదివేది కచే ఒక్కడే అనుకున్నాను. ఈమె కూడానా!

"మరి నలభై ఏళ్ళు ఎందుకు ఊరుకున్నావే? ఆ రోజే మొహం మీద అనొచ్చు కదా?"

ఇంకో పూస గుచ్చింది. "నిజం తెలిసినవాడు చెట్టు దగ్గర నుంచే తిరిగి వెళ్ళిపోయాడు. నువ్వు అబద్ధం మోసుకుంటూ మా అక్క ఊరిదాకా పరిగెత్తుకొచ్చావు. నాకు కావలసింది అంతే" అంది, దారం కొస తడి చేసుకుంటూ.